మూడు రాష్ట్రాల సెనేటర్ జేమ్స్ షీల్డ్స్

అమెరికా సెనేట్‌లో మూడు వేర్వేరు రాష్ట్రాలకు ప్రాతినిధ్యం వహించిన ఏకైక వ్యక్తి జేమ్స్ షీల్డ్స్. శాసనసభ్యునిగా, న్యాయమూర్తిగా, సేనానిగా, సెనేటర్‌గా పలు బాధ్యతలు నిర్వహించిన ఆయన ఐర్లాండ్ నుండి వలస వచ్చినవారు. అమెరికా కోసం యుద్ధరంగంలో తీవ్రంగా గాయపడిన షీల్డ్స్‌కు, పౌరసత్వ కాలం చాలలేదన్న కారణంగా ఒకనాడు సెనేట్ స్థానం దక్కకుండా పోయింది. ఆ నిబంధనకు కట్టుబడి, గడువు పూర్తయిన పిదప అదే స్థానానికి తిరిగి ఎన్నిక కావడం ఆయన జీవితంలో ముఖ్య ఘట్టం.

షీల్డ్స్ 1806 మే 10న ఐర్లాండ్‌లోని టైరోన్ కౌంటీకి చెందిన ఆల్ట్‌మోర్‌లో జన్మించారు. సుమారు 1826లో అమెరికా చేరుకున్నారు. ఇల్లినాయ్ రాష్ట్రంలోని కాస్కాస్కియా పట్టణంలో స్థిరపడి, పిల్లలకు చదువు చెబుతూనే న్యాయశాస్త్రం అభ్యసించి న్యాయవాద వృత్తిని చేపట్టారు. డెమొక్రటిక్ పార్టీ పక్షాన 1836లో రాష్ట్ర ప్రతినిధుల సభకు ఎన్నికయ్యారు. 1840 అక్టోబరు 21న అమెరికా పౌరసత్వం పొందారు. మరుసటి సంవత్సరం రాష్ట్ర ఆడిటర్ పదవి చేపట్టారు.

ఆ రోజులలో ఇల్లినాయ్ ఆర్థిక పరిస్థితి దయనీయంగా ఉండేది. స్టేట్ బ్యాంకు నోట్ల విలువ పడిపోవడంతో, పన్నులను ఆ నోట్ల రూపంలో స్వీకరించరాదని 1842లో రాష్ట్ర అధికారులు ఆదేశించారు. తమ చేతిలోని నోట్లతో పన్ను చెల్లించే వీలు లేకపోవడంతో ప్రజలలో ఆగ్రహం పెల్లుబికింది. ప్రతిపక్షమైన విగ్ పార్టీకి చెందిన యువ న్యాయవాది అబ్రహాం లింకన్, ఒక పల్లెటూరి స్త్రీ వ్రాసినట్లుగా షీల్డ్స్‌ను ఎగతాళి చేస్తూ స్ప్రింగ్‌ఫీల్డ్ పత్రికలో లేఖ ప్రచురించారు. అవమానాన్ని సహించలేని షీల్డ్స్ ద్వంద్వయుద్ధానికి సవాలు చేశారు. ఆయుధాలను ఎంపిక చేసుకునే హక్కు లభించిన లింకన్ పొడవైన అశ్వికదళ ఖడ్గాలను కోరారు. ఇల్లినాయ్‌లో ద్వంద్వయుద్ధం నిషిద్ధం కావడంతో, 1842 సెప్టెంబరు 22న ఉభయులూ మిసిసిపీ నదికి ఆవలి వైపు, మిసోరీకి చెందిన ఒక దీవికి చేరుకున్నారు. మిత్రులు చివరి క్షణంలో రాజీ కుదర్చడంతో కత్తులు దూయకుండానే వెనుదిరిగారు.

1843లో షీల్డ్స్ ఇల్లినాయ్ సుప్రీంకోర్టు న్యాయమూర్తిగా నియమితులయ్యారు. 1845లో అధ్యక్షుడు జేమ్స్ పోక్ ఆయనను కేంద్ర ప్రభుత్వ భూముల కార్యాలయ కమిషనర్‌గా నియమించారు. ఆ మరుసటి సంవత్సరం మెక్సికోతో యుద్ధం ప్రారంభం కాగానే ఆయన కార్యాలయాన్ని విడిచి, బ్రిగేడియర్ జనరల్ హోదాలో రణరంగానికి తరలివెళ్లారు. 1847 ఏప్రిల్‌లో సెరో గోర్డో వద్ద ఫిరంగి గుండు ఆయన ఛాతీ గుండా దూసుకుపోయింది. బ్రతకడం కష్టమని అందరూ భావించినా, కోలుకుని తిరిగి యుద్ధంలో పాల్గొన్నారు. సెప్టెంబరులో చపుల్టెపెక్ వద్ద మరోసారి గాయపడ్డారు. ఆయన పరాక్రమానికి గుర్తింపుగా ఇల్లినాయ్, సౌత్ కరొలైనా రాష్ట్రాలు ఖడ్గాలను బహూకరించాయి.

సెనేటర్లను రాష్ట్ర శాసనసభలే ఎన్నుకునే ఆ కాలంలో, 1849లో ఇల్లినాయ్ శాసనసభ ఈ యుద్ధవీరుణ్ణి సెనేట్‌కు పంపింది. అయితే రాజ్యాంగం ప్రకారం సెనేటర్‌కు కనీసం 9 సంవత్సరాల పౌరసత్వం ఉండాలి. పదవీకాలం ప్రారంభమైన మార్చి 4 నాటికి షీల్డ్స్‌కు 7 నెలలకు పైగా తక్కువయింది. ఆయన రాజీనామాకు సిద్ధపడినప్పటికీ, మార్చి 15న సెనేట్ ఆ ఎన్నికే చెల్లదని ప్రకటించింది. యుద్ధరంగంలో పొందిన గాయాలు ఆ గడువును తగ్గించలేకపోయాయి. అక్టోబరు 21తో 9 సంవత్సరాలు నిండాయి. ప్రత్యేకంగా సమావేశమైన శాసనసభ ఆయననే తిరిగి ఎన్నుకుంది. అక్టోబరు 27 నుండి ఆయన పదవీకాలం ప్రారంభమైంది.

బానిసత్వ విస్తరణకు అవకాశం కల్పించిన 1854 నాటి కాన్సాస్-నెబ్రాస్కా చట్టానికి మద్దతివ్వడం ఆయనకు రాజకీయంగా నష్టం కలిగించింది. 1855లో జరిగిన ఎన్నికలో పదవిని కోల్పోయారు. ఆ పోటీలో నిలిచిన లింకన్ సైతం తన మద్దతుదారులను లైమన్ ట్రంబుల్ వైపు మళ్లించడంతో ట్రంబుల్ విజయం సాధించారు. అనంతరం మిన్నెసోటాకు తరలివెళ్లిన షీల్డ్స్, ఐరిష్ వలస కుటుంబాలు అక్కడి భూములలో స్థిరపడేందుకు కృషి చేశారు. షీల్డ్స్‌విల్ గ్రామం నేటికీ ఆయన పేరుతోనే ఉంది. 1858లో మిన్నెసోటా రాష్ట్రంగా ఏర్పడినప్పుడు దాని తొలి సెనేటర్లలో ఒకరయ్యారు. 1859 మార్చి వరకు ఆ పదవిలో కొనసాగారు.

1861లో అంతర్యుద్ధం ఆరంభమైనప్పుడు అధ్యక్ష పీఠంపై ఉన్నది ఒకనాటి ప్రత్యర్థి లింకనే. ఆయన షీల్డ్స్‌ను బ్రిగేడియర్ జనరల్‌గా నియమించారు. 1862 మార్చి 22న కెర్న్స్‌టౌన్ వద్ద షీల్డ్స్ గాయపడగా, మరునాడు ఆయన డివిజన్ స్టోన్‌వాల్ జాక్సన్ సేనలను ఓడించింది. అయితే జూన్‌లో పోర్ట్ రిపబ్లిక్ వద్ద ఆయన సేనలు పరాజయం చవిచూశాయి. మేజర్ జనరల్ హోదా ఆయనకు దక్కలేదు. 1863 మార్చిలో సైన్యానికి రాజీనామా చేశారు.

యుద్ధానంతరం మిసోరీలోని కారల్టన్‌లో వ్యవసాయం చేస్తూ, ఆ రాష్ట్ర శాసనసభలోనూ సేవలందించారు. 1879 జనవరిలో ఖాళీగా ఉన్న సెనేట్ స్థానానికి మిసోరీ ఆయనను ఎన్నుకుంది. కొద్ది వారాలే అయినా, ఆ పదవితో మూడు రాష్ట్రాల సెనేటర్‌గా చరిత్రకెక్కారు. అదే సంవత్సరం జూన్ 1న అయోవా రాష్ట్రంలోని ఒట్టమ్వాలో కన్నుమూశారు. ఆయన భౌతికకాయాన్ని కారల్టన్‌లో ఖననం చేశారు.

అమెరికా పార్లమెంటు భవనంలోని జాతీయ విగ్రహాల సేకరణకు ఇల్లినాయ్ రాష్ట్రం 1893లో షీల్డ్స్ విగ్రహాన్ని సమర్పించింది. దానిని మలచిన శిల్పి లియొనార్డ్ వోక్, 1860లో లింకన్ ముఖాచ్చును తీసినవారే. సెనేట్ తలుపులు ఒకసారి మూసుకున్నా చట్టాన్ని నిందించక వేచి ఉండి, మూడు రాష్ట్రాల విశ్వాసాన్ని చూరగొన్న వలస సేనానిగా జేమ్స్ షీల్డ్స్ చరిత్రలో నిలిచిపోయారు.