‘రక్తకన్నీరు’ వెనుక మరుగునపడిన రాధా

‘రక్తకన్నీరు’ అనగానే తెలుగువారికి నాగభూషణం గుర్తుకొస్తారు. ఊరూరా ఆ నాటకాన్ని ప్రదర్శించి, దాని పేరునే ఇంటిపేరుగా మార్చుకున్న నటుడాయన. అయితే ఆ నాటకం తమిళ రంగస్థలం నుంచి వచ్చిందనీ, అక్కడ దానికి ప్రాణం పోసిన ఎం.ఆర్. రాధా ద్రావిడ ఉద్యమ కళాకారుడనీ మనలో ఎందరికి తెలుసు?

1907లో మద్రాసులో, తెలుగు మూలాలున్న నాయుడు కుటుంబంలో పుట్టిన రాధా బాల్యంలోనే ఇల్లు విడిచి నాటక సమాజంలో చేరారు. 1930ల చివర కొన్ని సినిమాల్లో నటించినా తిరిగి నాటకానికే వచ్చారు. పెరియార్ ఆత్మగౌరవ ఉద్యమం ఆయనకు దారి చూపింది. పురాణాలను కీర్తించే వేదికనే ఆయన పురాణాలను ప్రశ్నించే వేదికగా మలిచారు. పత్రికలు చదవలేని శ్రమజీవులకు వర్ణధర్మంపై విమర్శను హాస్యంగా అందించారు. ఆనాటి వార్తలను అప్పటికప్పుడు సంభాషణల్లో కలిపేవారు. రాతప్రతిని ముందే చదివిన అధికారికి సైతం ఆ రాత్రి వేదికపై ఏం వినబడుతుందో తెలిసేది కాదు.

పాలకుల భయానికి కారణం ఇదే. రామాయణాన్ని విమర్శిస్తూ ఆయన వేసిన నాటకం నిషేధాలను, అరెస్టులను ఎదుర్కొంది. 1954లో మద్రాసు ప్రభుత్వం నాటక ప్రదర్శనల నియంత్రణకు ప్రత్యేక చట్టమే తెచ్చింది. దాని ప్రధాన లక్ష్యం రాధాయేనన్నది తమిళనాట స్థిరపడిన అభిప్రాయం. ఆ చట్టాన్ని మద్రాసు హైకోర్టు కొట్టివేసింది 2013లో!

అదే 1954లో కృష్ణన్–పంజు దర్శకత్వంలో ‘రక్తకన్నీర్’ సినిమాగా వచ్చింది. అందగాడే కథానాయకుడు కావాలనే సంప్రదాయాన్ని కుష్ఠురోగి వేషంలో రాధా బద్దలుకొట్టారు. ఒకే వాక్యంలో కీచుగొంతు నుంచి బొంగురుగొంతుకు మారే ఆయన పలుకు, ప్రతినాయకుడికీ హాస్యగాడికీ మధ్యనున్న గీతను చెరిపేసింది. ‘పావమన్నిప్పు’, ‘బలే పాండియా’ అందుకు నిదర్శనాలు.

అయినా ఆయనను ఆరాధనతో కాక విమర్శతో చదవాలి. ‘రక్తకన్నీర్’ నాయకుడు చివరికి తన భార్యకు మిత్రుడితో పెళ్లి జరిపిస్తాడు. పాతివ్రత్యంపై అది గట్టి దెబ్బే. కానీ పతనానికి నిందంతా వేశ్య కాంతపైనే పడుతుంది. దేవదాసీ వ్యవస్థను మద్రాసు ప్రభుత్వం 1947లోనే చట్టరీత్యా రద్దు చేసింది. కొన్ని కులాల స్త్రీలనే ఆ వృత్తిలోకి నెట్టిన సమాజాన్ని ఆ కథ బోనులో నిలబెట్టలేదు. ఇల్లాలికి దక్కిన విముక్తి కాంతకు దక్కలేదు. కులాన్ని ప్రశ్నించిన కళ సైతం స్త్రీ దగ్గరికి వచ్చేసరికి సగంలోనే ఆగిపోవడం ఒక్క రాధా పరిమితి కాదు, మన ఉద్యమాలది కూడా.

1967 జనవరి 12న ఎం.జి. రామచంద్రన్‌పై కాల్పులు జరిపి రాధా జైలుపాలయ్యారు. ఆ తుపాకీ మోత ఆయన నాలుగు దశాబ్దాల కళను కప్పేసింది. ఆ నేరాన్ని దాచనక్కర్లేదు, కానీ ఆ ఒక్క ఘటనకే ఆయనను కుదించడమూ చరిత్రకు అన్యాయమే. 1979 సెప్టెంబర్ 17న, సరిగ్గా పెరియార్ శతజయంతి నాడు, రాధా కన్నుమూశారు.

మనోభావాల పేరిట నేటికీ నాటకాలు ఆగిపోతున్నాయి, కళాకారులపై కేసులు పడుతున్నాయి. రక్తకన్నీరును సొంతం చేసుకున్న తెలుగు సమాజం, ఆ నాటకం వెనుకనున్న ప్రశ్నించే సాహసాన్ని కూడా సొంతం చేసుకోవాలి. రాధా ఆపిన చోట మొదలుపెట్టి, కాంత పక్షాన కూడా ఆ ప్రశ్న అడగాలి.