షోయబుల్లాఖాన్

షోయబుల్లాఖాన్ (1920 అక్టోబరు 17 - 1948 ఆగష్టు 22) హైదరాబాదు సంస్థానానికి చెందిన ఉర్దూ పాత్రికేయుడు, ఇమ్రోజ్ దినపత్రిక సంపాదకుడు. రజాకార్ల దౌర్జన్యాలను ఖండిస్తూ వ్రాసినందుకు 27 ఏళ్ళ వయసులో హత్యకు గురయ్యాడు.

తొలి జీవితం

ఖమ్మం ప్రాంతంలోని సుబ్రవేడు గ్రామంలో జన్మించాడు. తండ్రి హబీబుల్లాఖాన్ రైల్వే పోలీసు ఉద్యోగి. ఉస్మానియా విశ్వవిద్యాలయంలో బి.ఎ. పూర్తిచేసి, ఉద్యోగానికి పోక పత్రికారంగాన్ని ఎన్నుకున్నాడు. మొదట తేజ్ పత్రికలో వ్రాసాడు. ప్రభుత్వం దానిని నిషేధించగా మందుముల నరసింగరావు నడిపే రయ్యత్‌లో చేరాడు. అదికూడా నిషేధానికి గురైంది.

ఇమ్రోజ్

బూర్గుల రామకృష్ణారావు తదితరుల సహాయంతో 1947 నవంబరు 15న ఇమ్రోజ్ ప్రారంభించాడు. ఇమ్రోజ్ అంటే 'నేడు' అని అర్థం. అప్పటికి నిజాం భారత యూనియన్‌లో చేరడానికి నిరాకరించి ఉన్నాడు. నల్గొండ, వరంగల్లు జిల్లాలలో కమ్యూనిస్టుల సాయుధ పోరాటం ఒకవైపు, గ్రామాలపై రజాకార్ల దాడులు మరొకవైపు సాగుతుండేవి. నేటి వికారాబాదు, తాండూరు ప్రాంతాలు కూడా ఆనాడు ఈ సంస్థానంలోనివే (తాండూరు 1956 వరకు గుల్బర్గా జిల్లాలో ఉండేది).

దక్కన్ రేడియో ప్రభుత్వ వాణినే వినిపించేది. ఉర్దూ పత్రికలలో అధికభాగం రజాకార్లను సమర్థించేవి. యూనియన్ పత్రికలు వ్రాసే వార్తలను శత్రు ప్రచారమని కొట్టిపారవేయడం పాలకులకు సులభం. ఇమ్రోజ్ విషయంలో ఆ వీలు లేకపోయింది. వ్రాసేది ముస్లిం, వ్రాసే భాష పాలకులు చదివే ఉర్దూ. షోయబ్‌పై కక్షకు ముఖ్యకారణం ఇదేనని చెప్పవచ్చు. సంస్థానం యూనియన్‌లో కలవాలని, ప్రజలకు బాధ్యత వహించే ప్రభుత్వం ఏర్పడాలని అతడు సంపాదకీయాలు వ్రాసాడు. 1948 ఆగష్టులో యూనియన్‌లో విలీనాన్ని కోరుతూ ఏడుగురు ముస్లిం ప్రముఖులు చేసిన ప్రకటనను కూడా ఇమ్రోజ్ ప్రచురించింది.

హత్య

రజాకార్ల నాయకుడు కాశిం రజ్వీ తమకు వ్యతిరేకంగా లేచే చేతులను నరికివేస్తామని బహిరంగంగా హెచ్చరించాడు. బెదిరింపులు వచ్చినా షోయబ్ పత్రికను ఆపలేదు. ఆగష్టు 21 రాత్రి కాచిగూడలోని కార్యాలయంలో పని ముగించుకొని, బావమరిది ఇస్మాయిల్‌ఖాన్‌తో కలసి ఇంటికి వెళ్తుండగా లింగంపల్లి చౌరస్తా దగ్గర దుండగులు అడ్డగించి తుపాకులతో కాల్చారు. అతని చేతిని నరికివేసారు. ఇస్మాయిల్ తీవ్రంగా గాయపడ్డాడు. 22 తెల్లవారుజామున షోయబ్ కన్నుమూసాడు.

సెప్టెంబరు 13న భారత సైన్యం సంస్థానంలో ప్రవేశించింది. 17న నిజాం లొంగిపోయాడు.