హ్యాటీ మెక్‌డానియెల్ చరిత్రము

అమెరికా సంయుక్త రాష్ట్రములలో బానిసత్వము 1865లో శాసనముచే రద్దయ్యెను. మనుష్యుల మనస్సులనుండి అది తొలగుటకు ఆ శాసనము చాలలేదు. ఇందులకు హ్యాటీ మెక్‌డానియెల్ అను నటి జీవితమే నిదర్శనము.

ఆమె తండ్రి హెన్రీ బానిసగా పుట్టి, అంతర్యుద్ధమున ఉత్తర సైన్యమందు చేరి పోరాడినవాడు. పదుమువ్వురు సంతానములో కడపటిదైన హ్యాటీ కాన్సస్ రాష్ట్రమందలి విచిటా పట్టణమున జన్మించి, డెన్వరు నగరమున పెరిగెను. పాటయు నటనయు ఆమెకు చిన్ననాటనే అబ్బినవి. 1929 నాటి ఆర్థికమాంద్యమున పనులు పోగా, మిల్వాకీ నగరమందొక వినోదశాలలో మరుగుదొడ్లకడ పరిచారికగా కుదిరి, తుదకు ఆ శాలలోనే గాయని యయ్యెను. 1931లో లాస్ ఏంజెలెస్ చేరి, వేషములు దొరకని దినములలో ఇండ్లలో పాచిపని చేసి పొట్టపోసికొనెను. దొరికిన వేషములును పెక్కు పనికత్తె వేషములే.

1939లో ‘గాన్ విత్ ద విండ్’ చిత్రమున మామీ అను దాసి పాత్ర ఆమెకు లభించెను. యజమానురాలి తప్పును మొగముమీదనే ఖండించు దాసి యది. ఆ డిసెంబరు 15న అట్లాంటాలో జరిగిన ప్రథమ ప్రదర్శనకు, అచటి వర్ణభేద శాసనముల వలన ఆమె పోజాలకపోయెను. 1940 ఫిబ్రవరి 29న ఉత్తమ సహాయనటిగా అకాడమీ బహుమానమందెను. ఆ గౌరవము పొందిన నల్లజాతివారిలో ఆమెయే ప్రథమురాలు. అయినను ఆ సభలో తోటి నటుల సరసన గాక, గోడవార వేరొక బల్లకడ ఆమెను కూర్చుండబెట్టిరి.

స్వజాతి నాయకులును ఆమెను నిందించిరి. తెరపై సేవకులనే చూచువారు నల్లవారికి అదియే తగిన స్థానమని తలతురను వారి భయము నిరాధారము కాదు. 1947లో ఆమె తన నటజీవితమును సింహావలోకనము చేసి ఒక పత్రికలో బదులు వ్రాసెను. తాల్చిన పాత్రలకు తానెన్నడును క్షమాపణ చెప్పుకొనలేదనియు, దర్శకులను ఒప్పించి కించపరచు యాసను పలుమార్లు తీసివేయించెననియు దాని సారాంశము. అంతకు మున్నే 1945లో, తమ పేటలో నల్లవారికి ఇండ్లుండరాదను ఒప్పందములపై పొరుగువారితో కూడి న్యాయస్థానమున నిలిచి గెలిచెను.

1952 అక్టోబరు 26న ఆమె కాన్సరు వ్యాధిచే మరణించెను. హాలీవుడ్ శ్మశానవాటికలో తన్ను ఖననము చేయవలెనని కోరియుండగా, వర్ణము కారణముగ అచటివారు నిరాకరించిరి. ఆమె హోవర్డ్ విశ్వవిద్యాలయమునకు వ్రాసియిచ్చిన బహుమాన ఫలకము కాలక్రమమున కనబడకపోగా, 2023లో అకాడమీ వేరొకటి యిచ్చెను. హాలీవుడ్ వాటికలో ఆమె స్మారకశిల 1999లో వెలసెను. దేహమునకు చోటీయని నేల పేరునకు చోటిచ్చుటకు నలువదియేడేండ్లు పట్టెను.