‘దేశేర్ కథ’ రాసిన దేవుస్కర్

మనలో చాలామందికి ఇంట్లో ఒక భాష, గడప దాటితే మరొకటి. సఖారాం గణేశ్ దేవుస్కర్‌కూ అంతే. 1869లో దేవఘర్ ప్రాంతంలో పుట్టారు. ఇంట్లో మరాఠీ, కలం పట్టింది మాత్రం బెంగాలీలో.

దేవఘర్‌లో పంతులుగా ఉంటూ కలకత్తా పత్రిక ‘హితవాది’కి రాసేవారు. తెల్ల మేజిస్ట్రేటు అన్యాయాలను బయటపెట్టినందుకు ఉద్యోగం పోయింది. అదే పత్రికలో ప్రూఫులు దిద్దే పనికి చేరి, సంపాదకుడిదాకా ఎదిగారు.

1904లో ‘దేశేర్ కథ’ వచ్చింది. అంటే దేశం సంగతి. దాదాభాయి నౌరోజీ, రమేశ్ చంద్ర దత్ ఇంగ్లీషులో తేల్చిన లెక్కలు పల్లెల్లో ఎందరికి అందుతాయి? మన సొమ్ము ఎటు పోతోందో, మగ్గాలు ఎందుకు మూలపడ్డాయో, కరువులు ఎందుకు ముంచుతున్నాయో ఆయన బెంగాలీలో విడమరిచి చెప్పారు. మరుసటి ఏడాదే వంగ విభజన. పుస్తకం స్వదేశీ ఉద్యమకారుల చేతికి చేరింది.

1907లో సూరత్‌లో కాంగ్రెస్ చీలింది. తిలక్‌కు వ్యతిరేకంగా రాయమని పత్రిక యాజమాన్యం అడిగితే దేవుస్కర్ ఒప్పుకోక తప్పుకున్నారు. అప్పుడు రాసినందుకు, ఇప్పుడు రాయనందుకు జీతం పోయింది!

1910లో ప్రభుత్వం పుస్తకాన్ని నిషేధించింది. తుపాకుల ఊసే లేని లెక్కల పుస్తకానికి అంత భయమెందుకో మనం ఊహించగలం. 1912లో, 43వ ఏట ఆయన కన్నుమూశారు.

ఆ పుస్తకాన్ని హిందీలోకి తెచ్చినవారు బాబూరావ్ విష్ణు పరాడ్కర్, తర్వాత కాశీలో ‘ఆజ్’ పత్రిక సంపాదకులు. వారి ఇంటిభాషా మరాఠీయే.