చందాల కేశవదాసు

చందాల కేశవదాసు (జూన్ 20, 1876 - మే 14, 1956) తెలుగు సినిమా తొలి గీత రచయిత, నాటకకర్త, హరికథకుడు, నటుడు, అష్టావధాని. 1932లో విడుదలైన భక్త ప్రహ్లాద చిత్రానికి పాటలు వ్రాశాడు. ఇతని నాటకం కనకతార 1937లో చలనచిత్రంగా వచ్చింది. ఇతని పాటలకు వచ్చినంత ప్రసిద్ధి ఇతని పేరుకు రాలేదు.

జీవితం

కేశవదాసు ఖమ్మం జిల్లా, కూసుమంచి మండలం, జక్కేపల్లి గ్రామంలో జన్మించాడు. నాడు నిజాం రాజ్యంలో ఉన్న ఈ ప్రాంతం, 1953 అక్టోబరు 1న ఖమ్మం జిల్లా ఏర్పడే వరకు వరంగల్ జిల్లాలో భాగంగా ఉండేది. ప్రభుత్వ వ్యవహారాలన్నీ ఉర్దూలో సాగుతున్న ఆ కాలంలో, పల్లెల్లో తెలుగు సాహిత్యం ఎక్కువగా హరికథలు, భజనలు, నాటకాల ద్వారానే జనానికి చేరేది. కేశవదాసు ఆ సంప్రదాయంలోనే ఎదిగి, కథాగానంలోను, పద్యరచనలోను పేరు తెచ్చుకున్నాడు.

నాటకరంగం

ఇతని నాటకాలలో కనకతార ప్రసిద్ధమైనది. సరిహద్దుకు ఆవల, కృష్ణా జిల్లాలోని మైలవరం నాటక సమాజం ముత్తరాజు సుబ్బారావు రచించిన శ్రీకృష్ణ తులాభారం ప్రదర్శించినపుడు, దానికి కేశవదాసు పాటలు వ్రాసి ఇచ్చాడు. వాటిలో "భలే మంచి చౌకబేరము" ముఖ్యమైనది. ఒకరి నాటకంలో మరొకరి పాటలు చేర్చడం ఆనాడు మామూలే. అటువంటి పాట నాటకం పేరుతోనో, పాడిన నటుని పేరుతోనో జనానికి గుర్తుండేది తప్ప, వ్రాసిన కవి పేరు వెనుకబడి పోయేది.

సినీరంగం

హెచ్.ఎం.రెడ్డి దర్శకత్వంలో బొంబాయిలో నిర్మించిన భక్త ప్రహ్లాద తొలి పూర్తి నిడివి తెలుగు టాకీ. సురభి నాటక కళాకారులు నటించిన ఈ చిత్రానికి ధర్మవరం రామకృష్ణమాచార్యుల నాటకం ఆధారం. నేపథ్యగానం ఇంకా లేనందున నటులే స్వయంగా పాడుకోవలసి వచ్చేది. కాబట్టి రంగస్థలం మీద నటుల గొంతుకు తగినట్లు పాట కట్టడం తెలిసిన కవి అవసరమయ్యాడు. లీలావతి పాత్రలో సురభి కమలాబాయి ఇతని పాట పాడింది.

ఈ చిత్రం 1931 సెప్టెంబరు 15న విడుదలైనదని చాలాకాలం భావించారు. 1932 ఫిబ్రవరి 6న విడుదలైనదని తరువాతి పరిశోధనలో తేలింది. చిత్రం ప్రతి నేడు లభ్యం కావడం లేదు.

సతీ సక్కుబాయి (1935) వంటి చిత్రాలకు కూడా కేశవదాసు పాటలు వ్రాశాడు. హెచ్.వి.బాబు దర్శకత్వంలో వచ్చిన కనకతార చిత్రానికి సముద్రాల రాఘవాచార్య మాటలు వ్రాశాడు. సముద్రాల సినీ జీవితం ఈ చిత్రంతోనే మొదలైంది. అదే పేరుతో 1956లో మరొక చిత్రం వెలువడింది.

ప్రభావం

పౌరాణిక నాటకాల ఆరంభంలో నటబృందమంతా కలిసి పాడే ప్రార్థన "పరాబ్రహ్మ పరమేశ్వర" కేశవదాసు రచనే. తెలుగునాట పద్యనాటకం ఆడిన ప్రతిచోటా ఇది వినిపించింది. ఇతని మరణానంతరం, 1966లో వచ్చిన శ్రీకృష్ణ తులాభారం చిత్రంలో చౌకబేరం పాటను తిరిగి వాడుకున్నారు. దానితో ఆ పాట కొత్త తరానికి కూడా పరిచయమైంది. ఈ రెండు పాటలు తెలిసినవారిలో చాలామందికి అవి వరంగల్ జిల్లా పల్లె నుండి వచ్చిన ఒకే కవి రచనలని తెలియదు.