సెక్రటరీగా చేరింది.. సినిమాలు తీసింది

ఇంటర్వ్యూలో మీ వయసు మరీ తక్కువని పెదవి విరిస్తే ఏం చెప్తారు? 1894లో పారిస్‌లోని ఓ ఫొటోగ్రఫీ కంపెనీలో సెక్రటరీ పోస్టుకి వెళ్లిన అలీస్ గీకి ఇదే ఎదురైంది. ఆ లోపం రోజులు గడిస్తే అదే పోతుందని బదులిచ్చింది. ఉద్యోగం వచ్చింది. తండ్రి పోయాక ఇల్లు గడవాలని నేర్చుకున్న టైపింగ్, షార్ట్‌హ్యాండే ఆమె అర్హతలు.

మరుసటి ఏడాది బాస్ లియోన్ గోమాంట్‌తో కలిసి లూమియేర్ సోదరుల ప్రదర్శన చూసింది. ఫ్యాక్టరీ గేటు, బయటికొస్తున్న కార్మికులు.. అంతే. దీంతో కథ చెప్పొచ్చు కదా అనిపించింది. అడిగితే గోమాంట్ ఒప్పుకున్నాడు, ఆఫీసు ఉత్తరాల పని ఆగకూడదనే షరతుతో! కొన్నేళ్లకే ఆ కంపెనీ సినిమాల నిర్మాణమంతా ఆమె చేతికొచ్చింది.

1903లో ఫౌస్ట్ కథ ఎత్తుకుంది. ఇది జర్మన్ల పాత జానపద గాథ. ఎంత చదివినా తృప్తి లేని పండితుడు మెఫిస్టోఫిలిస్ అనే సైతానుతో ఒప్పందం చేసుకుంటాడు. మన సర్వీస్ బాండ్ లాంటిదే, కాకపోతే చివర్లో కట్టాల్సింది డబ్బు కాదు, ఆత్మ. ఇంత కథనీ సుమారు 2 నిమిషాల్లో, మాటల్లేకుండా చెప్పాలి. సైతాను గాల్లోంచి ఊడిపడాలి. వీఎఫ్‌ఎక్స్ ఎక్కడిది? కెమెరా కదలకుండా హ్యాండిల్ తిప్పడం ఆపేస్తారు. నటుడు బొమ్మలా నిలబడిపోతాడు. పక్కన ఇంకొకరు వచ్చి నిల్చుంటారు. మళ్లీ తిప్పుతారు. చూసేవాళ్లకి మాయ!

1906లో క్రీస్తు జీవితంపై 300 మంది ఎక్స్‌ట్రాలతో సినిమా తీసింది. పెళ్లయ్యాక అమెరికా వెళ్లి, 1910లో సోలాక్స్ అనే సొంత కంపెనీ పెట్టింది. అది ఎక్కువ కాలం నిలవలేదు.

1922లో ఇద్దరు పిల్లలతో ఫ్రాన్స్ తిరిగొచ్చి పని వెతుక్కుంది. దొరకలేదు. చేతిలో తన సినిమా ఒక్కటీ లేదు. తొలినాటి రీళ్లపై దర్శకుల పేర్లు వేసేవారు కాదు. కమిట్ హిస్టరీ లేని కోడ్ అన్నమాట. పైగా కొన్ని ఇతరుల ఖాతాలోకి వెళ్లిపోయాయి. రీళ్ల కోసం వెతికింది, ఏవి తనవో జాబితా రాసుకుంది, జ్ఞాపకాలు రాసింది. 1968లో న్యూజెర్సీలో చనిపోయింది. ఆ పుస్తకం అచ్చయింది 1976లో.

ఫౌస్ట్ మాత్రం మిగిలింది. ఫోన్‌లోనే చూడొచ్చు. మెఫిస్టోఫిలిస్ ఊడిపడే చోట పాజ్ చేసి చూడండి, అతుకు దొరుకుతుందేమో.