హెన్రియెట్టా లాక్స్: ఒక్క మాట అడగకపోతిరి

పొగాకు చేన్లల్ల పెరిగిన పిల్ల. ఆరో తరగతి దాటి సదువలే. 31 ఏండ్లకే సచ్చిపోయింది. కానీ ఆమె ఒంట్లకెళ్లి తీసిన కణాలు ఇయ్యాల్టికి సుత ప్రపంచంల ఎన్నో ల్యాబులల్ల బతికే ఉన్నయి. పేరు హెన్రియెట్టా లాక్స్. మన చెల్లెండ్లకు ఏసే హెచ్‌పీవీ టీకా గురించి మాట్లాడాలంటే నేనైతే ఈమె కత కాడికెళ్లే మొదలువెడ్త.

1920 ఆగస్టు 1న అమెరికాల వర్జీనియా రాష్ట్రం రోనోక్‌ల పుట్టింది. పుట్టినప్పుడు పేరు లొరెట్టా ప్లెజెంట్. అది హెన్రియెట్టా ఎట్లయిందో ఇంట్లోళ్లకే తెల్వది. నాలుగేండ్లప్పుడు తల్లి పదో కాన్పుల పానం ఇడిసింది. పది మంది పిల్లల్ని ఒక్కడే సాదుడు నాయినతోని కాలే. క్లోవర్ అనే ఊరికి తోల్కపోయి సుట్టాలకు తలా ఒకర్ని పంచిండు. ఈ పిల్ల తాత ఇంటికి పోయింది. అది ఒకప్పుడు బానిసలు పన్న కట్టెల ఇల్లు. తెల్లారకముందే లేసి పసులను సూసుకునుడు, పొగాకు నాటుడు, ఆకు తెంపుడు, ఇదే పని. నల్లపిల్లల బడికి రెండు మైళ్లు నడవాలె, నడుమ తెల్లపిల్లల బడి దాటుకుంటనే పోవాలె. పని ఎక్కువై ఆరో తరగతి కాడ బడి బందయింది.

14 ఏండ్లకే మొదటి కొడుకు. తండ్రి ఎవలో కాదు, గదే ఇంట్ల కలిసి పెరిగిన మేనరికపు పిల్లగాడు డే లాక్స్. తర్వాత ఎల్సీ అనే బిడ్డ పుట్టింది. ఆ పాపకు మూర్ఛలు, మాటలు సక్కగ రాలే. 1941ల పెండ్లి చేసుకున్నరు. పొగాకుతోని పొట్ట నిండక అదే ఏడు బాల్టిమోర్ పక్కన టర్నర్ స్టేషన్ అనే బస్తీకి వలసవోయిన్రు. మనోళ్లు పాలమూరు ఇడిసి బొంబయి పోయినట్టే. డే అక్కడి స్టీలు ఫ్యాక్టరీల పనికి కుదిరిండు. ఊరికెళ్లి వచ్చిన సుట్టపోళ్లకు హెన్రియెట్టా ఇంట్లనే బువ్వ, పక్క. గోర్లకు ఎర్ర రంగు ఏసుకునుడంటే ఆమెకు పాణం, నాట్యం అంటే ఇంకా పాణం. ఇంకో ముగ్గురు పిల్లలు పుట్టిన్రు. ఎల్సీని మాత్రం దవఖానల పెట్టక తప్పలే. అది తల్లి గుండెల ముల్లు లెక్క ఉండిపోయింది.

గర్భసంచిల ఏదో ముడి పడ్డట్టు ఉన్నదని ఆమె తన అక్కసెల్లెండ్లకు ఏడాది ముందే చెప్పింది. డాక్టరు కాడికి మాత్రం పోలే. పోతే గర్భసంచి తీసేస్తరు, ఇగ పిల్లలు కారు అని భయం. ఈ భయం మన ఊర్లల్ల ఎందరు అమ్మల నోట ఇనలే మనం? 1950 నవంబర్ల చిన్న కొడుకు పుట్టినంక రక్తం పోవుడు ఆగలే. స్నానం చేసుకుంట తన చేతితోనే గడ్డను పట్టుకున్నది. 1951 జనవరి 29న జాన్స్ హాప్కిన్స్ దవఖానకు పోయింది. నల్లోళ్లను చేర్చుకునే పెద్ద దవఖానలు అప్పుడు ఆ చుట్టుపక్కల శాన తక్కువ. అక్కడ సుత నల్లోళ్ల వార్డు వేరే.

పరీక్ష చేస్తే గర్భసంచి మూతి కాడ క్యాన్సర్ అని తేలింది. రేడియం పెట్టి కాల్చే వైద్యం మొదలువెట్టిన్రు. ఆపరేషన్ బల్ల మీద మత్తుల ఉన్నప్పుడు డాక్టరు రెండు చిన్న ముక్కలు కోసిండు. ఒకటి గడ్డకెళ్లి, ఒకటి పక్కన మంచిగున్న తోలుకెళ్లి. వైద్యానికి కాదు, పరిశోధనకు. ఆమెను అడగలే. ఆమె పెనిమిటిని అడగలే. ఆ కాలంల అడగాలన్న కాయిదా లేకుండె, అందరు డాక్టర్లు గట్లనే చేసేటోళ్లు. ఆ మాట ఒప్పుకోవాలె. ఒప్పుకున్నా సుత మనసు కలుక్కుమంటది.

గా ముక్కలు జార్జ్ గై అనే శాస్త్రవేత్త ల్యాబుకు పోయినయి. మనిషి కణాలను సీసాల బతికించాలని ఆయన ఏండ్ల సంది కష్టపడుతుండె, ఏవీ కొన్ని దినాలకు మించి బతకకపోతుండె. హెన్రియెట్టా క్యాన్సర్ కణాలు మాత్రం రోజుకో మారు రెండింతలు అయినయి. ఆగనే లే. ఆమె పేరుల, ఇంటిపేరుల మొదటి అచ్చరాలు కలిపి హీలా అని పేరు పెట్టిన్రు. గై వాటిని అడిగినోళ్లకల్లా ఊకెనే పంచిండు. తర్వాత కంపెనీలు అమ్ముకున్నయి. పోలియో టీకా పనిచేస్తదా లేదా అని పరీక్షించేటందుకు ఈ కణాలనే కుప్పలు కుప్పలు పెంచిన్రు.

కణాలు అట్ల పెరుగుతుంటే మనిషి ఇట్ల కరిగిపోయింది. రేడియేషన్‌కు కడుపు మీది తోలు నల్లబారింది. నొప్పి ఒర్వలేక దవఖానల చేరింది. 1951 అక్టోబర్ 4న తుదిశ్వాస ఇడిసింది. క్లోవర్‌కు తీస్కపోయి బొంద పెట్టిన్రు. పైన పేరున్న రాయి సుత లేదు.

తల్లి కణాలు బతికున్నయని పిల్లలకు ఎర్కయింది 1970లల్ల. అది సుత ఎట్లనో తెలుసా? మళ్ల పరిశోధనకే వాళ్ల నెత్తురు గావాలని వచ్చిండ్రు. ఎందుకో సక్కగ చెప్పలే. తమకు సుత క్యాన్సర్ ఉందేమో సూస్తున్నరని బిడ్డ డెబొరా బుగులు పడ్డది.

ఇగ అసలు ప్రశ్న. ఈ కణాలు ఎందుకు గంత మొండిగ పెరిగినయి? 1980లల్ల జర్మనీల హెరాల్డ్ సుర్ హౌసెన్ జట్టు దీని గుట్టు ఇప్పింది. గర్భసంచి మూతి క్యాన్సర్ గడ్డలల్ల హెచ్‌పీవీ అనే వైరస్‌ల 16, 18 నంబరు రకాలను కనిపెట్టిన్రు. హీలా కణాలల్ల సూస్తే ఆ 18వ రకం వైరస్ జన్యువు అతుక్కొని ఉన్నది. కణానికి ఇగ పెరుగుడు ఆపు అని చెప్పే బ్రేకులు ఉంటయి. ఈ వైరస్ గా బ్రేకులనే పీకేస్తది. అదీ సంగతి. దీనికి సుర్ హౌసెన్‌కు 2008ల నోబెల్ వచ్చింది.

హెచ్‌పీవీ అంటే ఏదో అరుదైన రోగం గాదు. రెండు వందలకు పైన రకాలున్నయి. లైంగిక సంబంధాలల్ల తోలుకు తోలు తాకితే అంటుకుంటది. శాన మందికి జీవితంల ఎప్పుడో ఒకప్పుడు సోకుతది, ఏ గుర్తూ కనవడది. ఎక్కువ మందికి ఏడాది, రెండేండ్లల్ల ఒళ్లే తరిమేస్తది. కొందరిల మాత్రం తిష్ట వేసి 15, 20 ఏండ్లకు క్యాన్సర్ అయితది. గన్ని ఏండ్లు నిశ్శబ్దంగ ఉండే వైరస్ ఎవల కాడికెళ్లి ఎవలకు వచ్చిందో దేవునికే ఎర్క. గందుకే ఈ క్యాన్సర్ వచ్చిన ఆడామెను తప్పుగ మాట్లాడేటోళ్ల నోరు మూయించుర్రి. పోరగాళ్లు సుత మనకేంది అనుకోవద్దు. గొంతు, మర్మాంగం క్యాన్సర్లల్ల కొన్ని దీనితోనే మగోళ్లకు వస్తయి.

టీకా ఎట్ల పనిచేస్తదంటే, గింజ లేని పల్లికాయను తల్సుకోర్రి. ఆస్ట్రేలియాల ఇయాన్ ఫ్రేజర్, చైనాకెళ్లి వచ్చిన జియాన్ జౌ కలిసి వైరస్ పైపొట్టును మాత్రమే తయారు చేసిన్రు. లోపట జన్యువు లేదు, కాబట్టి రోగం అంటిచ్చే తాకత్ లేదు. ఒళ్లు ఆ పొట్టును గుర్తువెట్టుకుంటది, రేపు అసలు వైరస్ వస్తే పట్టుకుంటది. అప్పటికే సోకినదాన్ని మాత్రం ఈ టీకా పోగొట్టది. గందుకే 9 నుంచి 14 ఏండ్ల నడుమ, పెండ్లి, కాపురం ముచ్చట రాకముందే ఏస్తరు. ఇంగ్లండ్‌ల 12, 13 ఏండ్లకు ఏసుకున్న ఆడపిల్లలల్ల ఈ క్యాన్సర్ 87 శాతం తగ్గిందని 2021ల లెక్క తేలింది. పుణెల సీరం సంస్థ చేసిన సర్వావ్యాక్ టీకాకు మన దేశంల 2022ల అనుమతి వచ్చింది. అదే ఏడు ఈ క్యాన్సర్‌తోని మన దేశంల సుమారు 80 వేల మంది ఆడోళ్లు పోయిన్రని అంచనా.

ఇంత మంచి టీకా పేరు మన దగ్గర ఎందుకు ఖరాబైంది? హెన్రియెట్టాకు జరిగిన గదే తప్పు మన గడ్డ మీద మళ్ల జరిగింది కాబట్టి. 2009ల ఖమ్మం జిల్లా భద్రాచలం, కొత్తగూడెం, తిరుమలాయపాలెం మండలాలల్ల పాత్ అనే అమెరికా సంస్థ, ఐసీఎంఆర్, ఉమ్మడి రాష్ట్ర ప్రభుత్వం కలిసి 10 నుంచి 14 ఏండ్ల ఆడపిల్లలు సుమారు 14 వేల మందికి ఈ టీకా ఏసిన్రు. శాన మంది ఆదివాసీ పిల్లలు, హాస్టల్‌ల ఉండేటోళ్లు. ఒప్పుకున్నట్టు కాయిదాల మీద తల్లిదండ్రులకు బదులు వార్డెన్లు, సార్లు సంతకాలు పెట్టిన కేసులు బయటపడ్డయి. కొందరు పిల్లలు చనిపోయిన్రు. 2010 ఏప్రిల్‌ల అంతా ఆగింది. ఆ చావులకు టీకాతోని సంబంధం ఉన్నట్టు విచారణ కమిటీకి కనవడలే. కానీ సంతకాల కాడ తప్పులు జరిగినయని అదే కమిటీ చెప్పింది. 2013ల పార్లమెంటు కమిటీ ఇంకా గట్టిగ తిట్టింది. బిడ్డను పోగొట్టుకున్న తల్లికి రిపోర్టు ఏం చెప్తే ఏంది? ముందుగాల ఒక్క మాట అడిగి ఉంటే ఆమె ఇయ్యాల టీకాను నమ్మేది.

టీకా మంచిది, ఏయించుకోవాలె అనేదే నా మాట. కానీ ఏసేటోళ్లను అడుగుర్రి. ఏం టీకా, ఎన్ని డోసులు, రేపు జరం వస్తే ఎవలకు ఫోన్ చెయ్యాలె? జెబ్బ నొప్పి, కొంచెం జరం మామూలే. సూది ఏసినంక కొందరికి కండ్లు తిరుగుతయి, 15 నిమిషాలు కూసోవాలె. పిల్లలు పుట్టరన్నది ఉత్త పుకారు. ఇగ మన అమ్మలకు టీకా వయసు దాటింది, వాళ్లకు 30 దాటితే పరీక్ష ముఖ్యం. సర్కారు దవఖానల వెనిగర్ లాంటి మందు పూసి సూసే పరీక్ష నిమిషాల పని. నడుమ రక్తం పోతుంటే, తెల్లబట్ట వాసన వస్తుంటే ఏడాది దాంక సూడొద్దు.

హెన్రియెట్టా ఇంటోళ్లు ఊకోలే. 2013ల హీలా కణాల జన్యు వివరాలు మళ్ల అడగకుండనే ఇంటర్నెట్‌ల పెడితే గొడవ చేసిన్రు. అప్పుడు అమెరికా ఆరోగ్య పరిశోధన సంస్థ దిగొచ్చింది. ఆ వివరాలు ఎవలకు ఇయ్యాలె అని చూసే కమిటీల లాక్స్ కుటుంబపోళ్లను సుత కూసోబెట్టింది. కణాలతోని పైసలు సంపాయించిన ఒక పెద్ద కంపెనీ మీద కేసు ఏస్తే 2023 ఆగస్టు 1న, ఆమె పుట్టినరోజు నాడే, రాజీ కుదిరిందని ప్రకటించిన్రు. క్లోవర్‌ల ఆమె బొంద మీద రాయి 2010ల పడ్డది. ఒక డాక్టరు ఇప్పిచ్చిండు. పుస్తకం ఆకారంల ఉంటది, దాని మీది మాటలు మనుమలు, మనుమరాండ్లు రాసిన్రు.